గంప లోపలికి వెళ్ళిన రోజు

కిందటి వారం మనం ఆ ఐదో అంతస్తు ఇంటి గుమ్మంలో ఆగిపోయేసరికి, హాల్లో కుక్క నోటి నుంచి రక్తం కారుతోంది. లిఫ్టు మెకానిక్ చేతిలో స్పానర్ ఉంది. అతని భార్య ఇనుప ఊచల బోనుకి అడ్డంగా నిలబడి ఉంది.

ఇవాళే ఈ ఇంట్లో అడుగుపెడుతున్నవాళ్ళ కోసం నాలుగు ముక్కలు. కొన్ని వారాల కిందట ఆ మెకానిక్, ఇంకా ఎవరూ కాపురానికి రాని కొత్త భవనంలో, లిఫ్టు కింద ఉండే గుంటలోకి దిగి పనిచేస్తున్నాడు. పైనున్న పెట్టె జారి వచ్చి అతని నెత్తిమీద జానెడు ఎత్తున ఆగిపోయింది. ప్రాణం పోలేదు గాని బయటపడే దారి లేదు. ఒక పగలూ ఒక రాత్రీ అతను ఆ చీకట్లోనే ఉన్నాడు. ఎక్కడి నుంచి వచ్చిందో ఒక వీధికుక్క ఆ లిఫ్టు తలుపు ముందు కూర్చుని విడవకుండా మొరిగితే, తెల్లారి పనికొచ్చిన టైల్స్ మేస్త్రీకి అనుమానం తగిలింది. అలా బతికి బట్టకట్టిన మనిషి, ఆసుపత్రి నుంచి తిన్నగా ఆ భవనం దగ్గరికి పోయి, కుంటుతున్న ఆ కుక్కని చంకనెత్తుకుని ఇంటికొచ్చాడు.

మెకానిక్ తల్లి దాన్ని చూసి ముక్కున వేలేసుకుంది. "ఇదేం జాతిరా నాయనా! ఒక చెవి నిలబడింది, ఒక చెవి పడుకుంది. తోక నక్కది, కాళ్ళు ఎవరివో తెచ్చి అతికించినట్టున్నాయి. కలగూరగంపలా ఉంది" అంది. ఆ మాటలోని చివరి ముక్క దానికి పేరైపోయింది. గంప.

ఇక భార్య. ఆవిడ కట్టుడు పళ్ళు చేసే చోట పనిచేస్తుంది. మైనంతో చిగుళ్ళు పోసి, వాటిలో పళ్ళు కూర్చే పని. భవనంలో అందరూ పళ్ళమ్మ అంటారు. కింద అంతస్తులోకి కొత్తగా దిగిన ఒకావిడ ఆ పేరు విని, సంచీ పట్టుకుని పైకొచ్చి "ద్రాక్ష ఉందా?" అని కూడా అడిగింది.

గంప కుంటు తగ్గకపోయేసరికి పశువుల డాక్టరమ్మకి చూపించారు. మోకాలి లోపల ఎముకల్ని పట్టి ఉంచే కట్టు తెగిపోయింది, ఆపరేషన్ చెయ్యాలి అంది ఆవిడ. "చెయ్యడం నా పని. నిలబెట్టడం మీ పని. తర్వాత కొన్ని వారాలు అది గెంతకూడదు, మెట్లెక్కకూడదు. క్రేటులోనే, అంటే ఊచల పెట్టెలోనే ఉండాలి. లోపల గింజుకుందంటే వేసిన కుట్టు తెగిపోతుంది. అప్పుడిక కాలు తీసెయ్యడమే. ముందు క్రేటుకి అలవాటు చెయ్యండి. అది ప్రశాంతంగా పడుకుంటేనే నేను కత్తి పడతాను" అంది.

అప్పటినుంచి ఆ ఇంట్లో ఒక్క వస్తువుకి మూడు పేర్లు. భార్య దాన్ని గూడు అంది. మెకానిక్ బోను అన్నాడు. అత్తగారేమో "మావాడు తెచ్చుకున్నదానికి కోడలే దగ్గరుండి చిన్నిల్లు పెట్టించింది" అని చెప్పి, వచ్చినవాళ్ళందరినీ నవ్వించింది.

ఆపరేషన్ ఎల్లుండి అనగా, తలుపు వేసిన బోనులో ఊచలు కొరికి గంప నోరు చీరుకుంది. ఇప్పుడు మాత్రం ఎవరూ నవ్వడం లేదు.

"తప్పుకో" అన్నాడు మెకానిక్.

"తప్పుకోను."

"దాని నోరు చూశావా?"

"చూశాను. పైచిగురు చీరుకుంది, అంతే. నోటి సంగతి నాకు చెప్పకండి."

అతను ఆవిడని నెట్టలేదు. పక్కనుంచి చుట్టి వచ్చి మోకాళ్ళ మీద కూర్చున్నాడు. స్పానర్ బోల్టుకి తగిలించాడు. ఆ చేతులకి బోల్టులు కొత్త కాదు. చూస్తుండగానే పై బందు ఊడింది, కింది బందు ఊడింది. బోను తలుపు ఒరిగి నేలమీద ఝల్లుమంది. ఆ చప్పుడుకి గంప సోఫా కిందికి దూరిపోయింది.

వంటగది గుమ్మంలో నిలబడ్డ అత్తగారు "ఒరేయ్, నీకేమైనా పూనిందా?" అంది.

"అమ్మా, నువ్వు మాట్లాడకు. మీ ఇద్దరికీ అర్థం కాదు. మీరెప్పుడూ లోపల లేరు." "నన్ను బయటికి లాగినదాన్ని, నేను లోపలికి తోసి గడియ పెట్టాలా? నాకు తెలుసు, ఆ తలుపు పడ్డప్పుడు ఎలా ఉంటుందో. నా శత్రువుకి కూడా వద్దు. దీనికా నేను చేసేది?"

"మరి కాలు పోతే ఫరవాలేదా?" పళ్ళమ్మ కూడా గొంతు పెంచింది. పెళ్ళైన ఇన్నేళ్ళలో ఆవిడ అంత గట్టిగా మాట్లాడింది లేదు. "మూడు కాళ్ళతో కుంటుతూ తిరిగితే మీ ఋణం తీరిపోతుందా? ఏ బండి కింద పడిందో, ఎంత దెబ్బ తగిలిందో, మన పుణ్యమా అని బాగయ్యే దారి దొరికితే..."

"బండి కాదు."

"ఏమిటి?"

"బండి కాదే, దానికి తగిలింది" అన్నాడు మెకానిక్. స్పానర్ నేలమీద పెట్టేశాడు.

ఆ మాట అన్న తీరుకి ఇద్దరాడవాళ్ళూ అతనికేసి తిరిగారు. ఆసుపత్రిలో అడిగారు, కంపెనీవాళ్ళు అడిగారు, చుట్టాలు అడిగారు. గుంటలో ఏం జరిగిందో అతను ఎవరికీ చెప్పలేదు. "చీకటిగా ఉంది" అని మాత్రం అనేవాడు. అడిగినవాళ్ళే నొచ్చుకుని ఊరుకునేవారు. ఇప్పుడు ఎవరూ అడక్కుండానే, నేలమీద కూర్చుని, ఊడిన తలుపు కేసి చూస్తూ చెప్పడం మొదలుపెట్టాడు.

"మొదట నాకు దానిమీద కోపమొచ్చింది. నేను కేక వేస్తుంటే నా కేక ఎవరికీ వినపడకుండా ఇదొకటి దాపురించిందేమిటి అని. అరిచి అరిచి నా గొంతు పోయింది. అప్పుడిక అదొక్కటే మిగిలింది. పైన, తలుపు అవతల. కాసేపు మొరుగుతుంది, ఊపిరి తీసుకుంటుంది, మళ్ళీ మొరుగుతుంది. అది ఊపిరి తీసుకున్నప్పుడల్లా నేనూ తీసుకునేవాణ్ణి. ఎందుకో అలా అలవాటైపోయింది."

గంప సోఫా కిందనుంచి ముక్కు మాత్రం బయటపెట్టింది.

"చీకటి పడ్డాక డ్యూటీకి వచ్చిన వాచ్‌మన్ వేరే మనిషి. లోపల నేనున్నానని వాడికి తెలీదు. వాడికి నిద్ర పట్టలేదు. వచ్చి తిట్టాడు. కర్ర పెట్టి నేలమీద కొట్టాడు. ఇది కదల్లేదు. మళ్ళీ వచ్చాడు. ఈసారి ఇటుకముక్క విసిరాడు. నాకు కనపడదుగా, వినపడింది. ఠప్‌మని. అది కుయ్యోమంది చూడూ... అలాంటి ఏడుపు నేనెప్పుడూ వినలేదు. గోళ్ళ చప్పుడు దూరంగా, దూరంగా పోయింది. తర్వాత ఏమీ లేదు."

పళ్ళమ్మ కూడా అతని పక్కన నేలమీద కూర్చుంది.

"చచ్చిపోతానని నాకు తెలిసింది అప్పుడే. పెట్టె నెత్తిమీదికి వచ్చినప్పుడు కాదు, గొంతు పోయినప్పుడు కూడా కాదు. అది ఆగిపోయినప్పుడు. సరే, దాని ప్రాణం దానికి తీపి కాదా, వెళ్ళిపోయింది, మంచి పని చేసింది అనుకున్నాను. కళ్ళు మూసుకున్నాను."

"తర్వాత?" అంది అత్తగారు.

"గోళ్ళ చప్పుడు వచ్చిందమ్మా. నాలుగు కాళ్ళు కాదు. మూడే. టక్ టక్ టక్ అని, నాలుగోది పడాల్సిన చోట ఈడ్చిన చప్పుడు. మెల్లిగా, చాలా మెల్లిగా వచ్చింది. సరిగ్గా ఆ తలుపు దగ్గరికే వచ్చి కూలబడింది. కాసేపు ఒగర్చింది. మళ్ళీ మొదలెట్టింది. గొంతు మారిపోయింది, బొంగురుపోయింది. కానీ తెల్లారేదాకా ఆగలేదు."

వీధిలో ఏవో బండ్లు పోతున్నాయి. పక్కింట్లో ఎవరో మంచం జరుపుతున్నారు.

కుక్కకి విశ్వాసం ఎక్కువ అని మనందరం అంటాం. తిన్న ఇంటిని మరిచిపోదని చెప్పుకుంటాం. కానీ ఆ రాత్రికి అది ఈ మనిషి చేతి మెతుకు ఎరగదు. ఇతని ముఖం కూడా చూడలేదు. ఇతని వాసన, ఒక మూసిన తలుపు సందులోంచి వచ్చిన కాస్త గాలి, అంతే దానికి తెలిసింది. దెబ్బ తగలనంత దూరం వెళ్ళింది. వెళ్ళాక, దెబ్బ తగిలే చోటు ఎక్కడో బాగా తెలిసి, అక్కడికే తిరిగి వచ్చింది. ఎందుకొచ్చింది? మన దగ్గరున్న మాటల్లో దానికి జవాబు ఎక్కడుంది?

అత్తగారు కళ్ళజోడు తీసి కొంగుతో తుడిచింది. మోకాళ్ళ నొప్పులతో కిందికి వంగలేనని ఊరందరికీ చెప్పే ఆ మనిషి, సోఫా పట్టుకుని మెల్లిగా నేలమీద కూర్చుంది. చెయ్యి చాచి, సోఫా కింది ముక్కుకి ఎదురుగా అరచెయ్యి పెట్టింది.

"కలగూరగంప అన్నానే తల్లీ నిన్ను" అంది. "నా నోట్లో మన్నుపడ."

గంప ఆ చెయ్యి వాసన చూసి ఒకసారి నాకింది. పేరు విషయంలో దానికి పట్టింపులున్నట్టు లేదు.

"అందుకే నావల్ల కావడం లేదు" అన్నాడు మెకానిక్ భార్యతో. "నువ్వు దాన్ని లోపలికి పిలిచి తలుపు దగ్గరికి వేస్తావని తెలిస్తే చాలు, నాకు ఇంట్లో ఊపిరాడదు. మెట్లు దిగి రోడ్డు మీద పడుతున్నాను. నిన్ను తప్పు పట్టడం లేదు. నేను చూడలేను, అంతే."

పళ్ళమ్మ చూపు బోను మీద ఉంది. వారం పైగా ఆవిడ పడిన పాట్లన్నీ ఒక్కొక్కటే కళ్ళముందు తిరుగుతున్నాయి. మొదట తలుపు తాడుతో వెనక్కి కట్టేసి, లోపల మెత్తటి దుప్పటి పరిచింది. గిన్నె గుమ్మంలో పెట్టి, పూటపూటకీ కాస్త లోపలికి జరిపింది. గంప వెనక కాళ్ళు రెండూ బయటే ఉంచి, ముందు సగం రబ్బరులా సాగదీసి గిన్నె ఖాళీ చేసి వచ్చేది. అత్తగారు పొట్ట పట్టుకుని నవ్వేది. కొన్నాళ్ళకి మొత్తం ఒళ్ళంతా లోపలికి తెచ్చింది. ఊరికే "గూటికి" అంటే చాలు, వెళ్ళి కూర్చునేది. అంతా బాగానే ఉందనుకుని తలుపు దగ్గరికి వేస్తే మాత్రం పిచ్చెత్తినట్టు అయిపోయేది.

తలుపు వెయ్యడం వల్లనేనా?

ఆవిడ లేచి బోను చుట్టూ తిరిగింది. లైటు వేసి, వంగి, ఊచల మీద వేలు పెట్టి చూసింది. ఏ పన్ను దేన్ని ఎలా కొరికిందో గుర్తులు చూసి చెప్పడం ఆవిడకి రోజూ ఉండే పనే.

"ఏవండీ, ఇలా రండి."

"ఏమిటి?"

"తలుపు ఎటువైపు ఉంది?"

"వంటింటి వైపు. నువ్వేగా పెట్టావ్."

"మరి తలుపు మీద ఒక్క గాటు లేదేం? చూడండి. ఊడదీశారుగా, చేతిలోకి తీసుకుని చూడండి. రంగు కూడా పోలేదు. కొరికిందంతా ఇటు." ఆవిడ పక్కవైపు ఊచలు చూపించింది. రెండు ఊచలు వంగిపోయి ఉన్నాయి. కోరపళ్ళు దిగిన గుర్తులు, రాసుకున్న రక్తం, అన్నీ ఆ ఒక్క వైపే. "బయటపడాలనుకున్నది తలుపుని కదా కొరుకుతుంది? ఇది గోడలాంటి చోట తల కొట్టుకుంది. ఇటేముంది?"

మెకానిక్ తలెత్తి చూశాడు. ఇటు వీధి గుమ్మం ఉంది. అతను చెప్పులేసుకుని, మెట్లు దిగి వెళ్ళిపోయే గుమ్మం.

"దానికి బోనంటే భయం లేదండీ" అంది పళ్ళమ్మ. "నేను గూటికి అని తలుపు వెయ్యబోయినప్పుడల్లా మీరు లేచి వెళ్ళిపోతున్నారు. అది మీ వెనక రావాలని చూస్తోంది. మీరు మళ్ళీ ఏ గుంటలో పడతారో అని దాని బెంగ."

అతను ఆ వంగిన ఊచల మీద వేలు పెట్టాడు.

"ఆ రాత్రి అది మిమ్మల్ని చూడకుండానే మీకోసం కూర్చుంది" అంది ఆవిడ. "మీరు దాన్ని చూస్తూ కూడా కూర్చోలేరా?"

అతను ఊడిన తలుపు ఒళ్ళోకి తీసుకున్నాడు. తీసి పారేస్తాడేమోనని అత్తగారు ఊపిరి బిగబట్టింది. అతను గడియని పైకీ కిందికీ ఆడించాడు. అది కణేల్‌మంది. మెకానిక్ భుజాలు ఒక్కసారి ఎగిరిపడ్డాయి. మళ్ళీ ఆడించాడు. మళ్ళీ కణేల్. మూడోసారికి భుజాలు కదల్లేదు గాని, దవడ బిగుసుకుంది.

"పనిముట్ల సంచీ ఎక్కడుంది?" అని అడిగాడు.

ఆ సంచీ ప్రమాదం జరిగిన దగ్గరనుంచి మంచం కిందే ఉంది. పళ్ళమ్మ పరుగెత్తి తెచ్చింది. అతను పాత రబ్బరు వాషరు ఒకటి వెతికి పట్టి, కత్తితో సగానికి చీల్చి, గడియ పడే చోట తొడిగాడు. బందులకి గ్రీజు పూశాడు. వంగిన ఊచల్ని కటింగ్ ప్లేయర్‌తో సరిచేసి, గరుకు తేలిన చోట ఆకురాయితో అరగదీశాడు, చిగురు తగిలినా కోసుకోకుండా. తలుపు బిగించాడు. వేసి తీశాడు. చప్పుడు లేదు. ఒక పుస్తకం మూసినంత చప్పుడు కూడా లేదు. లిఫ్టు తలుపులు ఇలా పడాలని అతను ఎన్నో ఏళ్ళుగా కుర్రాళ్ళకి చెప్పేవాడు. మనిషికి తెలియకూడదు, తలుపు పడినట్టు.

గంప అప్పటికి సోఫా కిందనుంచి వచ్చి, మూడు కాళ్ళ మీద నిలబడి, వంకరగా తల పెట్టి అతని పని చూస్తోంది.

"ఇప్పుడు గూటికి అనండి" అంది పళ్ళమ్మ.

అతను అనలేదు. గంపకేసి చూశాడు, బోనుకేసి చూశాడు. అప్పుడు ఎవరూ అనుకోని పని చేశాడు. నేలమీద బోర్లా పడుకుని, మోచేతుల మీద పాక్కుంటూ, తలా భుజాలూ బోనులోకి దూర్చాడు.

పైన దుప్పటి కప్పి ఉంది. లోపల చీకటి. పడుకున్న దుప్పటి వాసన, ఇనుము వాసన. అతని వీపు గట్టిగా ఎగిసిపడటం ఇద్దరికీ కనిపిస్తోంది.

"ఒరేయ్, అందులో నువ్వు పట్టవురా!" అంది అత్తగారు.

"పట్టక్కర్లేదమ్మా" అన్నాడు లోపలినుంచి. మాట అరగదీసినట్టు వచ్చింది.

పళ్ళమ్మ అత్తగారి చెయ్యి పట్టుకుంది. లిఫ్టు ఎక్కలేక ఐదంతస్తులూ మెట్లెక్కే మనిషి, స్నానాల గది తలుపు కూడా వేసుకోలేక పాటలు పాడుతూ స్నానం చేసే మనిషి, ఒక కుక్క బోనులో తల పెట్టి, ఊపిరిని బతిమాలుకుంటూ పడుకుని ఉన్నాడు. బయటికి వచ్చెయ్యండి అనాలని ఆవిడ నాలుక చివరిదాకా వచ్చింది. మింగేసింది.

గంప కదిలింది. కుంటుకుంటూ వెళ్ళి అతని మడమలు వాసన చూసింది. నడుం పక్కగా నడిచింది. బోను గుమ్మంలో అతని భుజానికీ ఊచలకీ మధ్య బెత్తెడు సందుంది. ఆ సందులోకి మూతి పెట్టింది, తల పెట్టింది, మెలికలు తిరిగింది, అతని చెవిని తొక్కింది. "అబ్బా!" అన్నాడతను. మొత్తానికి వెనక కాళ్ళతో సహా లోపలికి వెళ్ళిపోయింది. లోపల ఒకటి రెండు చుట్లు తిరిగిన చప్పుడైంది. తర్వాత ఆ చీకట్లోంచి ఒక నిట్టూర్పు వినపడింది.

కుక్కలు నిట్టూరుస్తాయని పళ్ళమ్మకి అప్పటిదాకా తెలీదు. పొద్దంతా మూటలు మోసిన మనిషి ఇంటికొచ్చి చెప్పులు విడిచినప్పుడు వదిలే ఊపిరిలా ఉంది అది.

కొంతసేపటికి మెకానిక్ వీపు నెమ్మదించింది. రెండు ఊపిరులూ ఒకే లెక్కలో నడవడం విని, ఆవిడ కళ్ళు చెమర్చాయి. అతను మెల్లిగా, ఇసుకతో కట్టిన గూట్లోంచి చెయ్యి తీసుకున్నట్టుగా, వెనక్కి పాకి బయటికి వచ్చాడు. జుట్టంతా చెదిరిపోయింది. చెంప మీద దుప్పటి మడత ముద్ర పడింది. గంప రాలేదు. ముందుకాళ్ళ మీద గడ్డం ఆనించి, అతన్నే చూస్తోంది.

అతను తలుపు దగ్గరికి వేశాడు. గడియ వేశాడు. రబ్బరు దాన్ని మింగేసింది. ఊచల మధ్యనుంచి వేలు లోపలికి పెట్టాడు. గంప ఆ వేలుకి ముక్కు ఆనించింది. కాసేపయ్యాక అతను వేలు తీసేశాడు. గంప కదల్లేదు.

"ఇప్పుడు?" అన్నాడు పెదవులతో మాత్రమే.

"కనపడకుండా వెళ్ళాలి" అంది ఆవిడ అంతే మెల్లిగా. "వీధిలోకి కాదు. పక్క గదిలోకి. తలుపు తీసి ఉంటే వచ్చి చూడాలనిపిస్తుంది దానికి. వెయ్యాలి."

"నేనా?"

"వేరే దారుంటే చెప్పండి."

అతను పడకగది తలుపు కేసి చూశాడు. ఇంటికొచ్చిన రోజునుంచి ఆ తలుపు మూసింది లేదు. గాలికి పడకుండా దానికి ఇస్త్రీపెట్టె అడ్డం పెట్టేవాడు. లేచి వెళ్ళాడు. ఇస్త్రీపెట్టె తీసి పక్కన పెట్టాడు. గుమ్మంలో ఒక్కసారి ఆగి, తిరిగి చూశాడు. లోపలికి వెళ్ళి తలుపు వేసుకున్నాడు.

గంప తలెత్తింది. నిలబడ్డ చెవి ఇంకా నిలబడింది, పడుకున్న చెవి కూడా లేచింది. గొంతులో కుయ్ మని సన్నగా మొదలైంది. పళ్ళమ్మ బోను వైపు ఒక అడుగు వేసింది. ఇప్పుడు ఊచల మీదికి ఎగబడుతుంది, చిగురు మళ్ళీ చీరుకుంటుంది...

తలుపు అవతలనుంచి మాట వినపడింది.

"ఆరుగురికి మించి ఎక్కరాదు" అన్నాడు మెకానిక్. ఏం మాట్లాడాలో తోచక, నోటికి వచ్చినది, రోజూ లిఫ్టు పెట్టెల్లో అతికించే సూచనల కాగితం, పైకి చదువుతున్నాడు. "పసిపిల్లలను ఒంటరిగా ఎక్కనివ్వరాదు. లోపల పొగ తాగరాదు. తలుపులపై ఆనుకోరాదు. మధ్యలో ఆగినచో గాభరా పడరాదు. గంట నొక్కి వేచి ఉండవలెను. ఎవరో ఒకరు తప్పక వస్తారు."

చివరి మాట దగ్గర అతని గొంతు తడబడింది. మళ్ళీ మొదటినుంచి అందుకున్నాడు. "ఆరుగురికి మించి ఎక్కరాదు..."

గంప విన్నది. చెవులు ఒక్కొక్కటే దిగాయి. అది తిరిగి గడ్డం వాల్చింది. కళ్ళు మూతలు పడ్డాయి, తెరుచుకున్నాయి, మళ్ళీ పడ్డాయి. గడియ వేసిన తలుపు వెనక, వంగి సరి అయిన ఊచల వెనక, అది నిద్రపోయింది.

అత్తగారు సోఫా పట్టుకుని లేచింది. నోరు తెరిచి, చేత్తో మూసుకుంది. ఇద్దరూ ఆ గది తలుపునీ ఈ బోను తలుపునీ మార్చి మార్చి చూస్తూ, ఎవరో పెద్దవాళ్ళు నడిచి వెళుతుంటే నిలబడినట్టు నిలబడిపోయారు.

అంతలో పళ్ళమ్మ ఫోను గుర్రుమంది.

డాక్టరమ్మ. పళ్ళమ్మ వంటింట్లోకి వెళ్ళి, నోటికి చెయ్యి అడ్డం పెట్టుకుని "చెప్పండి" అంది.

"ఎందుకలా గుసగుసలాడుతున్నారు?"

"పడుకుందండీ. గడియ వేసి ఉంది. అయినా పడుకుంది."

"చాలా మంచి మాట" అంది డాక్టరమ్మ. కానీ ఆ గొంతులో సంతోషంతో పాటు ఇంకేదో ఉంది. "నేను వేరే సంగతి చెప్పడానికి చేశాను. ఆపరేషన్ ముందు తీసే ఎక్స్‌రేలు పొద్దున తీశాం కదా. తుంటి దగ్గరిది ఇప్పుడే తీరిగ్గా చూశాను. మీకు పంపిస్తున్నాను. ఎముక చూడకండి. పై అంచున చూడండి."

ఫొటో వచ్చింది. నల్లటి పలక మీద తొడ ఎముక, తుంటి ఎముక తెల్లగా ఉన్నాయి. పై అంచున, సరిహద్దులో చిక్కుకున్నట్టు, చిన్న చిన్న తెల్ల గింజల వరస. అలవాటు కొద్దీ పళ్ళేమో అనుకుంది ఆవిడ. పళ్ళు ఇంత చిన్నవి ఉండవు. ఆ వరస వంపు తిరిగి ఉంది, దారానికి గుచ్చిన పూసల్లాగా. పక్కనే ఇంకో వరస. దాని వెనక సగమే కనిపిస్తూ మరొకటి.

"ఏమిటివి?" అంది, తెలిసిపోతున్నా.

"వెన్నెముకలు" అంది డాక్టరమ్మ. "పిల్లలవి. బక్కచిక్కిన కుక్క మీ ఇంటి తిండికి ఒళ్ళు చేస్తోందనుకున్నాను. ఎముకలు ఇంతగా కనపడుతున్నాయంటే ఇవాళ్టివి కావు. మీ ఇంటికి వచ్చేనాటికే మోస్తోంది."

పళ్ళమ్మ ఆ పూసల వరసలు మళ్ళీ చూసింది. ఇటుక దెబ్బ తగిలిన రాత్రికే మోస్తోంది. వాటిని మోసుకుంటూనే మూడు కాళ్ళ మీద తిరిగి వచ్చింది. వాటిని ఆ చల్లటి నేలమీద ఆనించుకునే తెల్లారేదాకా మొరిగింది.

"వింటున్నారా? ఎల్లుండి మత్తు ఇస్తే అవి తట్టుకుంటాయని నేను చెప్పలేను. ఆపేద్దామంటే, రోజురోజుకీ పెరిగే ఈ బరువుతో ఆ కాలు నిలుస్తుందని కూడా చెప్పలేను. ఏది కావాలో మీవారిని అడగండి. ఆపరేషన్ గదివాళ్ళకి ఈ సాయంత్రమే చెప్పాలి నేను. లైన్లో ఉంటాను."

ఆవిడ ఫోను పట్టుకుని హాల్లోకి వచ్చింది. గంప నిద్రపోతోంది. పక్కటెముకలు లేస్తున్నాయి, దిగుతున్నాయి. అత్తగారు కోడలి ముఖం చూసి, ఏమైందని కళ్ళతోనే అడిగింది. పళ్ళమ్మ బోను పక్కనుంచి వేళ్ళ మీద నడిచి, మూసిన తలుపు దగ్గర ఆగింది.

"...తలుపులపై ఆనుకోరాదు" అంటున్న గొంతు ఆగింది. అడుగుల చప్పుడు అతనికి వినపడినట్టుంది.

"ఏమే, నువ్వేనా?" అన్నాడు లోపలినుంచి. "గంప ఎలా ఉంది? లోపల ఒక్కతే ఉండగలుగుతోందా?"

ఆవిడ తలుపుకి నుదురు ఆనించింది.

"లోపల ఉన్నది గంప ఒక్కతే కాదండీ" అంది.